కావ్యములలో ప్రజలను వెదకిన చరిత్రకారుడు

హైదరాబాదునుండి నాగార్జునసాగరమునకు పోవు బాటలో ఇబ్రహీంపట్నము కలదు. ఆ ఊరికి పేరు తెచ్చినది అచ్చటి పెద్ద చెరువు. గోలకొండను 1550 మొదలు 1580 వరకు ఏలిన ఇబ్రహీం కుతుబ్ షా కాలము నాటి చెరువది. ఊరి పేరులో ఆ సుల్తాను నేటికిని నిలిచియున్నాడు. ఆయన తెలుగు కవులను ఆదరించిన ప్రభువు. అద్దంకి గంగాధరకవి తన తపతీసంవరణోపాఖ్యానమును ఆయనకే అంకితమిచ్చెను. మల్కిభరాముడని తెలుగు కవులు ఆయన పేరును తెలుగు చేసికొనిరి. రాజును గూర్చి ఇంత తెలిసినది. కాని ఆ కట్టకు మన్ను మోసినవారెవరు? తూము తెరచి మడిమడికి నీరు పంచిన నీరటికి ఏమి ముట్టెను? మత్తడి దుమికిన యేడు ఆయకట్టు రైతు ఇంట ఏమి వండుకొనిరి? చెరువు ఎండిన యేడు వారు ఎచ్చటికి వలసపోయిరి? వారి పిల్లలు ఏ ఆటలాడిరి? వారి స్త్రీలు నాట్లు వేయుచు ఏ పాటలు పాడిరి? రాజుల వంశవృక్షములును యుద్ధముల తేదీలును నిండిన పుస్తకములలో ఈ ప్రశ్నలకు జవాబు దొరకదు.

ఇట్టి ప్రశ్నలు చరిత్రకారుడు తప్పక అడుగవలసినవేయని, వానికి జవాబులు తెలుగు సాహిత్యముననే దాగియున్నవని చూపినవారు సురవరం ప్రతాపరెడ్డిగారు. ఆయన పత్రికా సంపాదకులు, కవి పోషకులు, సభాధ్యక్షులు, శాసనసభ్యులు. ఇన్ని పనులు చేసిన మనుష్యుని జీవితమును చదువునపుడు అది పలుదారుల చీలిపోయినట్లు తోచుట సహజము. కాని పరికించి చూచినచో ఆ పనులన్నింటిలో ఒకే స్వభావము కానవచ్చును. ఎవరైన ఒక జాతిని, ఒక భాషను, ఒక ప్రాంతమును లేనిదానిగా జమకట్టినప్పుడు ఆయన కోపముతో ఊరకుండలేదు, వాదముతోడనే సరిపెట్టుకొనలేదు. ఆధారములు వెదకి, పోగుచేసి, అచ్చువేసి లోకము ముందుంచిరి. న్యాయశాస్త్రము చదివిన ఆ మనుష్యుడు కోర్టులో వాదించిన కాలము స్వల్పము. కాని తెలుగు ప్రజల పక్షమున ఆయన నడపిన వ్యాజ్యము జీవితకాలమంతయు సాగినది.

ఆయన రచన విలువ తెలియవలెనన్న, అంతకు ముందు తెలుగున చరిత్రరచన ఏ స్థితిలోనుండెనో కొంత తెలియవలెను. 1901లో హైదరాబాదున శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషానిలయము వెలసినది. 1906లో కొమర్రాజు లక్ష్మణరావుగారి పూనికతో విజ్ఞానచంద్రికా గ్రంథమండలి ప్రారంభమైనది. ఆ మండలి చలువవలననే చరిత్రమును, ప్రకృతిశాస్త్రములును తెలుగు వచనమున చదువుకొను భాగ్యము సామాన్యులకు కలిగినది. 1910లో చిలుకూరి వీరభద్రరావుగారి ఆంధ్రుల చరిత్రము మొదటి భాగము వెలువడినది. ఈ మహనీయులు శాసనములను చదివి, రాజుల కాలములను నిర్ణయించి, చెదరిన వంశక్రమములను కూర్చిరి. పునాది లేక ఇల్లు నిలువదు కనుక ఆ పని ముందుగా జరుగవలసినదే. ఐనను శాసనమునకు ఒక హద్దు కలదు. దానమిచ్చిన ప్రభువు పేరును, పుచ్చుకొనిన దేవుని పేరును, భూమి యొక్క పొలిమేరలును అది చెప్పును. ఆ భూమిని దున్నిన వాని ఇంటిలోనికి అది తరచుగా తొంగిచూడదు.

ప్రతాపరెడ్డిగారు 1896 మే 28న నేటి జోగులాంబ గద్వాల జిల్లాలోని బోరవెల్లిలో జన్మించిరి. తల్లిదండ్రులు రంగమ్మ, నారాయణరెడ్డి. స్వగ్రామము ఇటిక్యాలపాడు. ఆ సీమ తుంగభద్రకు ఉత్తరపు ఒడ్డు. నాడు నిజాం రాజ్యము. ఏరు దాటిన కర్నూలు. నాడు ఆంగ్లేయుల మద్రాసు రాజధానిలోని పట్టణము. రెండు ఒడ్డులందును మాటలాడు భాష తెలుగే. కాని ఒక ఒడ్డున కచ్చేరి భాష ఉర్దూ, మరియొక ఒడ్డున ఆంగ్లము. బాలుడైన ప్రతాపరెడ్డి ఏరు దాటి కర్నూలున చదువుకొనెను. అచ్చటనే వెల్లాల శంకరశాస్త్రిగారి కడ సంస్కృతకావ్యములు అభ్యసించెను. ఒకే జాతి ప్రజలు రెండు ప్రభుత్వముల క్రింద, రెండు పరాయి భాషల నీడలో బ్రతుకుట ఆ చిన్నవాడు పుస్తకములలో చదివి తెలిసికొనినది కాదు. బడికి పోవుచు కన్నులార చూచినది.

పిమ్మట హైదరాబాదు నిజాం కళాశాలలోను, మద్రాసు ప్రెసిడెన్సీ కళాశాలలోను ఆయన ఉన్నతవిద్య సాగినది. బి.ఏ. పట్టమును, తరువాత న్యాయశాస్త్ర పట్టమును పొందిరి. మద్రాసు నాడు తెలుగు పండితులకు కూడలి. వ్రాతప్రతులను పరిష్కరించి వెలుగులోనికి తెచ్చు మహాకార్యమున వేటూరి ప్రభాకరశాస్త్రి, మానవల్లి రామకృష్ణకవి వంటి పెద్దలు మునిగియున్న దినములవి. చెదలు తినుచున్న తాటాకులలో ఒక జాతి జ్ఞాపకము మిగిలియున్నదని, దానిని రక్షించువాడు లేనిచో అది మన్నగునని ఆ యుగపు విద్యార్థి తెలిసికొనక తప్పదు. తెలుగు, సంస్కృతము, ఉర్దూ, పారసీకము, ఆంగ్లము తెలిసిన ఆ యువకుడు తన సీమకు తిరిగివచ్చెను. ఈ బహుభాషాజ్ఞానము మున్ముందు ఆయన చరిత్రరచనకు పెట్టుబడి ఐనది. తెలుగు కవి మాటను పారసీక చరిత్రకారుని మాటతోను, విదేశయాత్రికుని మాటతోను పక్కపక్కన పెట్టి చూడగల నేర్పు అందువలన అలవడినది.

ఆనాటి హైదరాబాదులో తెలుగునకు గల గౌరవమెంతయో చూపుటకు ఒక్క సంఘటన చాలును. రాజ్యప్రజలలో దాదాపు సగముమంది తెలుగువారు. ఐనను పాలనాభాష ఉర్దూ. 1918లో వెలసిన ఉస్మానియా విశ్వవిద్యాలయమున బోధనాభాషయు ఉర్దూయే. 1921 నవంబరు 12న నగరమున వివేకవర్ధిని ప్రాంగణములో కార్వే పండితుని అధ్యక్షతన సంఘసంస్కార సభ జరిగినది. వక్తలు ఆంగ్లమునను, ఉర్దూనను, మరాఠీనను మాటలాడిరి. ఆలంపల్లి వెంకటరామారావుగారు తెలుగున ప్రసంగింప లేచినంతనే సభలో కొందరు గోల చేసి ఆయనను సాగనీయలేదు. ఆ అవమానము నుండియే ఆంధ్రజనసంఘము పుట్టినది. మాడపాటి హనుమంతరావుగారు మొదలగు పెద్దలు గ్రంథాలయములు, పాఠశాలలు నెలకొల్పుచు, వెట్టిచాకిరికి ఎదురునిలుచుచు ఊరూర తెలుగువారిని మేల్కొలిపిరి. ప్రతాపరెడ్డిగారు ప్రజాజీవితమున అడుగిడినది ఈ మేలుకొలుపు వేళ.

1918లో హైదరాబాదున రెడ్డి విద్యార్థి వసతిగృహము ఏర్పడియుండెను. దానికి ఊపిరి నగర కొత్వాలైన రాజా బహద్దరు వెంకటరామారెడ్డిగారు. ఆయన కోరికపై 1924లో ప్రతాపరెడ్డిగారు ఆ వసతిగృహ బాధ్యత వహించిరి. పల్లెలనుండి పట్టణమునకు చదువుకొన వచ్చు పిల్లలకు అన్నము, నీడ దొరకుటయే గొప్ప. ఆయన దానితో తృప్తిపడక అచ్చట గ్రంథాలయమును పెంపొందించిరి; విద్యార్థులకు తెలుగు చదువునందును, దేశవిషయములందును ఆసక్తి కల్పించిరి. విద్యార్థి వసతిగృహమనగా భోజనశాల మాత్రమే కాదనియు, అది ఒక తరమును తీర్చిదిద్దు చోటనియు ఆయన భావము. వసతిగృహములు నడపు ఉపాధ్యాయులకు ఈ ఘట్టము నేటికిని ఆలోచింపదగినది.

1926 మే 10న గోలకొండ పత్రిక ప్రారంభమైనది. వారమునకు రెండుమార్లు వెలువడు ఆ పత్రికకు సంపాదకులు ప్రతాపరెడ్డిగారే. అంతకు నాలుగేండ్ల ముందు, 1922లో, నల్లగొండనుండి నీలగిరి పత్రికయు, ఓరుగల్లు సీమలోని ఇనుగుర్తినుండి తెనుగు పత్రికయు పుట్టి తెలంగాణమున పత్రికారచనకు బాటవేసియుండెను. రాజధానీనగరమునుండి తెలుగువారి మాట దీర్ఘకాలము నిలకడగా వినిపించిన ఘనత గోలకొండ పత్రికకు దక్కినది. వ్రాయువారు తక్కువ; కొని చదువువారు తక్కువ; ధనము తక్కువ. సంపాదకుడే వ్యాసకర్త, ఆయనయే విమర్శకుడు, ఆయనయే అచ్చుతప్పులు దిద్దువాడు. ఒకే మనుష్యుడు పలు మారుపేర్లతో వ్రాసి పుటలు నింపవలసి వచ్చెడిది. గ్రామములలో అధికారుల దౌర్జన్యములు, రైతుల కడగండ్లు, బడులులేని ఊళ్ళ దుస్థితి, సాంఘిక దురాచారములు — వీనినన్నింటిని ఆ పత్రిక బయటపెట్టినది. ప్రజల నిత్యజీవితమే వార్త అని నమ్మిన ఈ సంపాదకుడే తరువాత ప్రజల నిత్యజీవితమే చరిత్ర అని నమ్మెను. కావున పత్రికారచనను ఆయన చరిత్రరచనకు పాఠశాలగా భావింపవచ్చును.

నిజాం ప్రభుత్వమునకు ఇట్టి పత్రిక కంటిలో నలుసువంటిది. సభలు జరుపుటకు ముందుగా అనుమతి పొందవలెనని శాసించిన గస్తీ నిషాన్ 53 ఆ కాలపుదే. గ్రంథాలయ వార్షికోత్సవమునకు సైతము అధికారి చీటీ కావలసిన దినములవి. గోలకొండ పత్రిక సంపాదకీయములను కూడ ముందుగా చూపి అనుమతి పొందవలెనని ఒకప్పుడు ప్రభుత్వము ఆంక్ష పెట్టినది. ప్రతాపరెడ్డిగారు దానికి తలయొగ్గలేదు, పత్రికను మూసివేయనులేదు. సంపాదకీయము ఉండవలసిన చోట లోకములోని మహనీయుల సూక్తులను అచ్చువేసిరి. వానిని తప్పుపట్టుటకు అధికారులకు వీలు లేదు. వాని అర్థము గ్రహించుటకు పాఠకులకు అడ్డు లేదు. ఈ యుక్తిలో ఆయన నిబ్బరమును, సాహిత్యముపై ఆయనకుగల విశ్వాసమును రెండును కానవచ్చును.

1930 మార్చిలో మెతుకు సీమలోని జోగిపేటయందు నిజాం రాష్ట్ర ఆంధ్రమహాసభ తొలి సమావేశము జరిగినది. దానికి అధ్యక్షులు ప్రతాపరెడ్డిగారు. ఆ వేదిక పొంత జరిగిన మహిళాసభకు నడింపల్లి సుందరమ్మగారు అధ్యక్షత వహించిరి. తొమ్మిదేండ్ల క్రిందట రాజధానిలో తెలుగున ఒక్క ప్రసంగము సాగనీయని దేశమున ఇప్పుడు దినముల తరబడి తెలుగునే కార్యక్రమము నడచినది. చదువు, వ్యవసాయము, వృత్తులు, స్త్రీవిద్య, అంటరానితనపు తొలగింపు మొదలగు విషయములు చర్చకు వచ్చినవి. తెలుగున ఇట్టి గంభీరవిషయములు చర్చింప వీలగునా అని సందేహించినవారికి ఆ సభయే సమాధానమైనది.

ఆయన జీవితమున మిక్కిలి ప్రసిద్ధమైన ఘట్టము దీని తరువాత వచ్చినది. తెలంగాణమున తెలుగు కవులు పూజ్యమని, అనగా సున్నయని, ఒక రచయిత వ్రాసెను. మాట చిన్నదే. గాయము పెద్దది. పోతన, పాల్కురికి సోమనాథుడు పుట్టిన నేలను గూర్చి ఇట్టి మాట వెలువడినచో ఎవరైనను నాలుగు కటువైన వ్యాసములు వ్రాసి కసి తీర్చుకొందురు. ప్రతాపరెడ్డిగారు వేరుమార్గము పట్టిరి. పత్రిక ద్వారా ఊరూర నున్న కవులకు పిలుపు పంపిరి. మీ పేరు, మీ ఊరు, మీ పద్యములు పంపుడని కోరిరి. బడిపంతుళ్ళు, పురోహితులు, పట్వారీలు, రైతులు, సంస్థానముల ఆశ్రయముననున్న పండితులు — ఎవరి పెట్టెలలోనో మూలుగుచున్న పద్యములు టపాలో హైదరాబాదు చేరినవి. 1934లో గోలకొండ కవుల సంచిక వెలువడినది. అందు చోటుచేసికొనిన కవులు 354 మంది. సున్నకు ప్రతిగా మూడువందల యేబదినాలుగు! ఇంతకంటె మర్యాదయైన ఖండనము తెలుగు వాదముల చరిత్రలో అరుదు.

ఆ సంచికలోని పద్యములన్నియు ఉత్తమకవిత్వము కాకపోవచ్చును. ఆయన ఉద్దేశమును అది కాదు. దాని విలువ ఆ సేకరణ పద్ధతిలో కలదు. పండితుడు గదిలో కూర్చుండి, తనకు తెలియనిది లేనేలేదని తీర్పు చెప్పుట సులభము. ప్రజలనే అడిగి, వారినే సాక్షులుగా పిలిచి, వారి వాఙ్మూలమును అచ్చువేయుట కష్టము. ఈ రెండవ పద్ధతినే ఆయన మరి పదునైదేండ్లకు తన మహాగ్రంథమున ప్రయోగించిరి. అప్పుడు పిలిచిన సాక్షులు బ్రతికియున్న కవులు కారు, వేయేండ్లనాటి కవులు.

ఆ మహాగ్రంథము ఆంధ్రుల సాంఘిక చరిత్ర. 1943లో హైదరాబాదున నెలకొనిన ఆంధ్రసారస్వత పరిషత్తు దానిని 1949లో ప్రచురించెను. అంతకు ముందటి సంవత్సరము సెప్టెంబరులోనే హైదరాబాదు సంస్థానము భారతదేశమున కలిసినది. రాజ్యము మారిన వేళ, రాజులను ప్రక్కనబెట్టి ప్రజలను ముందుంచిన చరిత్ర వెలువడుట ఎంతయు సమయోచితముగా నున్నది. తూర్పు చాళుక్యుల కాలమునుండి కాకతీయులు, రెడ్డిరాజులు, విజయనగర ప్రభువులు, పిమ్మటి కాలములు దాటి ఇరువదవ శతాబ్ది ఆరంభమువరకు అందు విషయము సాగును. అధ్యాయములకు రాజవంశముల పేర్లున్నను, అధ్యాయములలోపల నున్నవారు ప్రజలు. వారు తిన్న తిండి, కట్టిన బట్ట, పెట్టుకొనిన నగలు, ఆడిన ఆటలు, నమ్మిన శకునములు, కొలిచిన దేవతలు, చేసిన వ్యాపారములు, కట్టిన పన్నులు, త్రవ్వుకొనిన చెరువులు — ఇవియే అచ్చటి ప్రధానవిషయములు.

ఈ విషయములకు ఆధారమేమి? చాలవరకు తెలుగు కావ్యములే. పాల్కురికి సోమనాథుని బసవపురాణమును, పండితారాధ్యచరిత్రమును మతగ్రంథములుగా చదువువారు పెక్కురు. వానిలో జాతరలకు పోవు జనమును, తుమ్మెదపదములు మొదలగు పాటలను, సామాన్యుల వృత్తులను ప్రతాపరెడ్డిగారు చూచిరి. క్రీడాభిరామమును శృంగారమునకై చదువువారు కలరు. ఆయన అందు కాకతీయుల ఓరుగల్లు వీధిని చూచిరి. పూటకూటి ఇంటి భోజనము, కోడిపందెము, పొట్టేళ్ళ పోరు, పల్నాటి వీరుల కథ పాడు స్త్రీ — ఇవన్నియు ఆ కవి చూచి వ్రాసినవి. కొరవి గోపరాజు సింహాసనద్వాత్రింశిక, కృష్ణదేవరాయల ఆముక్తమాల్యద, పాలవేకరి కదిరీపతి శుకసప్తతి, అయ్యలరాజు నారాయణామాత్యుని హంసవింశతి — ఇవియన్నియు ఆయనకు సాక్ష్యములైనవి. ఆముక్తమాల్యదలో వానకాలపు పల్లెయు, కాపువాని గుడిసెయు కలవు. హంసవింశతిలో వృత్తులవారి పనిముట్లు, పిల్లల ఆటలు పట్టికలుగా కలవు. పండితులు నీతిబాహ్యములని, తక్కువ తరగతివని త్రోసివేసిన కథాకావ్యములే సాంఘికచరిత్రకు ధనపు పాతరలని ఆయన గుర్తించిరి. ప్రౌఢవర్ణనలతో మిన్నులు ముట్టు ప్రబంధము కంటె, రచ్చకట్టను వర్ణించిన కథ చరిత్రకారునకు ఎక్కువ ఉపకరించును.

ఇట్లు చదువునపుడు ఆయనకు ఒక వింతయైన అడ్డంకి ఎదురైనది. కావ్యములలో కనబడు పెక్కు మాటలకు నిఘంటువులలో అర్థము లేదు. ఒక ఆట పేరు చూచి నిఘంటువు తెరచినచో అది ఒక ఆట అని వ్రాసియుండును. ఒక పిండివంట పేరు చూచినచో అది ఒక తినుబండారమని వ్రాసియుండును. ఆ ఆట ఎట్లాడుదురు, ఆ వంట ఎట్లు వండుదురు అను విషయమే లేదు. నిఘంటుకారులు కావ్యములు చదివిరే గాని, పల్లెలకు పోయి పిల్లలను, అవ్వలను అడుగలేదు. ప్రతాపరెడ్డిగారు తెలంగాణపు పల్లె భాషను, రాయలసీమ పల్లె భాషను ఎరిగినవారు గనుక, గ్రంథములలో మృతములని అందరును తలచిన మాటలు కొన్ని పల్లెలలో సజీవముగా నున్నట్లు చూపగలిగిరి. నగరపు పండితునకు తెలియని మాట గొల్లవానికి, సాలెవానికి, కుమ్మరికి తెలిసియుండును. పుస్తకమునకు పల్లెయే వ్యాఖ్యానము. ఈ ఒక్క సూక్ష్మము గ్రహించినచో తెలుగు విద్యార్థికి పాఠ్యపుస్తకము వేరువిధముగా కనబడును.

లోకమున ఇతరదేశములందును దాదాపు అదే కాలమున ఇట్టి ఆలోచన సాగుచుండెను. ఫ్రాన్సులో మార్క్ బ్లాక్, లూసియెన్ ఫెబ్వ్ర్ అను ఇరువురు ఆచార్యులు 1929లో ఒక పత్రిక స్థాపించి, రాజకీయ సంఘటనలకంటె ప్రజల ఆర్థిక, సాంఘిక జీవితమునకు ప్రాధాన్యమిచ్చిరి. ఇంగ్లండులో ట్రెవెల్యన్ వ్రాసిన ఆంగ్లేయుల సాంఘికచరిత్ర 1940ల నడుమ వెలువడి విశేషప్రచారము పొందినది. కాని ఆ దేశముల చరిత్రకారులకు శతాబ్దుల తరబడి భద్రపరచిన చర్చి దస్త్రములు, పన్నుల లెక్కలు, కుటుంబపు ఉత్తరములు ఉండెను. విశ్వవిద్యాలయముల అండ ఉండెను. ప్రతాపరెడ్డిగారికి అట్టి సౌకర్యమేదియు లేదు. పత్రికాకార్యాలయపు గడబిడ నడుమ, కావ్యములు, శాసనములు, యాత్రికుల వ్రాతలు ముందుంచుకొని ఒక్కచేతిమీదుగా ఆ పని సాధించిరి.

ఐనను ఆ గ్రంథమును విమర్శలేక పూజించుట ఆయన స్వభావమునకే విరుద్ధము. కవి సాక్ష్యమున లోపములు కలవు. కవి అతిశయోక్తి చెప్పును. పూర్వకవిని అనుకరించి తన కాలమున లేనిదానిని ఉన్నట్లు వ్రాయును. తన కులమువారిని దగ్గరగాను, ఇతరులను దూరముగాను చూచును. ఊరిబయట నివసించినవారు కావ్యములలో కనబడినను, తరచు పరిహాసమునకో కథకు సాయమునకో కనబడుదురు. వారి మాట వారి నోటనే వినబడుట అరుదు. ప్రతాపరెడ్డిగారి తీర్పులలో కొన్ని ఆయన కాలపు రాజకీయపు వేడిని మోసినవి. మతములను గూర్చి, ముస్లిం ప్రభువుల పాలనను గూర్చి ఆయన చేసిన వ్యాఖ్యలను నేటి చదువరి జాగ్రత్తతో తూచి గ్రహింపవలెను. ఇబ్రహీం కుతుబ్ షా వంటి ప్రభువు కథ ఒక్కటే ఆ కాలమును ఒకే రంగుతో చిత్రింపరాదని గుర్తుచేయును. కాని దోషములను సరిదిద్దుటకు ఆయన చూపిన మార్గమే సాధనము. మరిన్ని ఆధారములు వెదకుట, మరింతమందిని అడుగుట, దొరకినదానిని నలుగురి ముందుంచుట. తరువాతివారు జానపదగేయములను, కులపురాణములను, రెవిన్యూ దస్త్రములను చేర్చి ఈ బాటను వెడల్పు చేసిరి. బాట వేసినవాడు లేనిచో వెడల్పు చేయుట కుదరదు.

సంస్థానపు విలీనము తరువాత 1951లో ఆయన ప్రజావాణి పత్రికను ప్రారంభించిరి. 1952 ఎన్నికలలో వనపర్తి నియోజకవర్గమునుండి కాంగ్రెసు పక్షమున హైదరాబాదు శాసనసభకు ఎన్నికైరి. శాసనసభ్యుడుగా ఆయన గడపిన కాలము ఎక్కువ కాలేదు. 1953 ఆగస్టు 25న, 57 ఏండ్ల వయస్సున, కన్నుమూసిరి. కేంద్ర సాహిత్య అకాడమీ 1955లో తొలిసారిగా బహుమానములిచ్చినపుడు తెలుగునకు వచ్చిన మొదటి బహుమానము ఆంధ్రుల సాంఘిక చరిత్రకు లభించినది. దానిని అందుకొనుటకు గ్రంథకర్త లేడు. కథ, కావ్యము, నవల పోటీలో నుండగా ఒక చరిత్రగ్రంథము తెలుగు సాహిత్యపు తొలి గౌరవమును పొందుట విశేషము. హైదరాబాదు ట్యాంకుబండుపై తెలుగు వెలుగుల విగ్రహముల వరుసలో ఆయన విగ్రహము నిలిచినది. 2025లో తెలంగాణ శాసనసభ ఆమోదముతో హైదరాబాదులోని తెలుగు విశ్వవిద్యాలయమునకు ఆయన పేరు పెట్టబడినది. తెలుగున మాటలాడుటకే అడ్డుపడిన నగరమున తెలుగు విద్యాపీఠమునకు ఆయన పేరు నిలుచుట కాలము చేసిన న్యాయము.

విగ్రహమును, విద్యాపీఠపు పేరును చూచి నమస్కరించుట తేలిక. ఆయన పనిని కొనసాగించుట అంత తేలిక కాదు. ఐనను అది పెద్ద పండితులకే సాధ్యమగు పనియు కాదు. ఇబ్రహీంపట్నపు చెరువుకట్టమీద నిలువబడి చూచిన, తూర్పుదిక్కున రాచకొండ గుట్టల సీమ. సర్వజ్ఞ సింగభూపాలుడు వంటి పద్మనాయక ప్రభువులు ఏలిన రాజ్యమది. ఆ ప్రభువుల పేర్లు పుస్తకములకు ఎక్కినవి. ఆ గుట్టల చుట్టునున్న ఊళ్ళలో తూమునకు, మత్తడికి, కాలువకు, మడికి, కొలతకు, విత్తనమునకు వాడు మాటలు ఇంకను నోళ్ళలోనే యున్నవి. వానకాలమున పాడిన పాటలు, పిల్లలాడిన చిర్రగోనె, అచ్చనగాయలు, ఓమనగుంటలు ముసలివారి జ్ఞాపకములో మిగిలియున్నవి. మోటబావి పోయి బోరుబావి వచ్చినది. మోటతోడి మాటలు ఎరిగినవారు ఏటేట తరిగిపోవుచున్నారు. వారు పోయిన పిమ్మట రేపటి నిఘంటువు ఆ మాటలకు ఎదురుగా అది ఒక పనిముట్టు, అది ఒక ఆట అని మాత్రము వ్రాసి చేతులు కడుగుకొనును.

ఒక పాఠశాలలోని విద్యార్థులు తలా ఒక అవ్వను, ఒక తాతను అడిగి, తలా పది మాటలు అర్థములతో వ్రాసికొనివచ్చినచో, ఏడాది తిరుగునప్పటికి ఆ ఊరి సాంఘికచరిత్రకు కావలసిన సామగ్రి సిద్ధమగును. దానికి ధనము అక్కరలేదు. అడుగు ఓపికయు, విని ఉన్నదున్నట్లు వ్రాయు నిజాయతియు చాలును. ఒకనాడు మీ సీమలో కవులు లేరని ఎవరో అన్నమాటకు 354 పేర్లతో జవాబు చెప్పిన మనుష్యుడు చూపిన దారి అదియే. కట్టకు మన్ను మోసినవాని పేరు ఇక దొరకకపోవచ్చును. కాని ఆ మన్ను మోసిన తట్టకు వాడు పెట్టుకొనిన పేరు, బరువెత్తునపుడు వాడు పాడిన పాట, ప్రొద్దుగుంకి ఇల్లు చేరి వాడు తిన్న తిండి — ఇవి ఇంకను ఏ ముసలవ్వ నోటనైన దొరకవచ్చును. అడుగువాడు ఆలస్యము చేయకుండుటయే కావలసినది.